నాకు దక్కని గ్రహాంతరవాసి వేషం

కెనడాలోని హామిల్టన్‌లో మేం నలుగురు అమ్మాయిలం ఒక బేస్‌మెంట్‌లో అద్దెకుండేవాళ్ళం. ఆ ఏడు కాలేజీలో ఏ క్లాసుకు వెళ్ళినా సగం బెంచీలు తెలుగు పిల్లలవే. బస్సులో ఎవరైనా ఫోన్లో "తిన్నావా" అని అడిగితే ముందు సీట్లలో నలుగురు వెనక్కి తిరిగి చూసేవాళ్ళు. రోజంతా క్లాసులు, క్లాసు లేనప్పుడు వేర్‌హౌస్‌లో షిఫ్టు, ఇంటికొస్తే వంతులవారీగా వంట. ఇన్ని పనుల మధ్యా ఆదివారం రాత్రి ఎనిమిదింటికి మాత్రం నేను టీవీ ముందు ఉండాల్సిందే. ఆ సమయానికి షిఫ్టు పడితే ఎవరితోనైనా మార్చుకునేదాన్ని. మారకపోతే సూపర్‌వైజర్‌తో గొడవ పెట్టుకునేదాన్ని. నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. సంతోషమూ అంతే, ఒక్క క్షణం దాచుకోలేను.

ఆ గంటలో వచ్చేది ఒక బ్రిటిష్ సీరియల్. దాని పేరు చెప్పను. చెప్పనని కాగితం మీద సంతకం పెట్టాను, ఎందుకో కాసేపట్లో తెలుస్తుంది. కథ మాత్రం చెబుతాను, చెప్పకుండా ఉండటం నా వల్ల కాదు. సముద్రం పక్కన ఒక చిన్న ఊరు. ఆ ఊళ్ళోకి గ్రహాంతరవాసులు వచ్చేశారు. ఆకాశంలో దీపాలు వెలగలేదు, పళ్ళేలు ఎగరలేదు, ఎవరి మీదా తుపాకులు పేలలేదు. పోస్ట్‌మన్‌గా, పళ్ళ డాక్టరుగా, బళ్ళో లెక్కల టీచరుగా మామూలు మనుషుల్లో కలిసిపోయి, ఒక్కో ఆఫీసూ ఒక్కో వీధీ చేతిలోకి తీసుకుంటున్నారు. ఆ సంగతి కనిపెట్టింది ఆ ఊళ్ళో ఒక్కరే, రిటైరైన ఒక ముసలి నర్సు. ఆవిడ మాట ఎవరూ నమ్మరు.

కానీ ఆవిడ దగ్గర ఒక కిటుకు ఉంది. ఆ వచ్చినవాళ్ళు మనుషులు చేసే పనులన్నీ నేర్చుకుని వచ్చారు, నేర్చుకున్నవి తప్పు లేకుండా చేస్తారు. ఆలోచించకుండా చేసే పనులు మాత్రం వాళ్ళకు రావు. ఎదుటివాళ్ళు ఆవలిస్తే వాళ్ళకు ఆవలింత రాదు. మెట్టు తప్పితే వాళ్ళ చెయ్యి గోడ కోసం వెతకదు. నర్సు ఏ హోటల్లోనో ఒక మూల కూర్చుని టీ తాగుతూ, ముఖాల్ని వదిలేసి చేతుల్ని చూస్తూ ఉంటుంది. అలా చూస్తూ చూస్తూ ఆవిడ కప్పు కింద పెట్టిందంటే ఎవరో దొరికిపోయారన్నమాట. ఆ కప్పు చప్పుడు వినగానే మేం నలుగురం దుప్పట్లో ఒకళ్ళ చెయ్యి ఒకళ్ళం గట్టిగా పట్టుకునేవాళ్ళం.

నా పక్క మంచం అమ్మాయిది వరంగల్. గ్రహాంతరవాసులు అనే మాట నోరు తిరగక, వాళ్ళకు 'వచ్చినోళ్ళు' అని పేరు పెట్టింది. ఇక ఇంట్లో మా ఆట అదే, ఎవరు మనిషి, ఎవరు వచ్చినోళ్ళు. ఒకరోజు పొద్దున బస్సుకు పరుగెత్తబోతుంటే నేను ఒక్క తుమ్ము తుమ్మాను. తను చెప్పుల దగ్గరే ఆగిపోయింది.

"జర ఆగు. ఒక్కటే తుమ్మినవ్" అంది.

"మాకలాంటివి లేవే. బస్సు వెళ్ళిపోతుంది, నడు" అన్నాను.

"తుమ్మితే ఆగవ్, పిల్లి ఎదురొస్తె ఆగవ్. నువ్వు పక్కా వచ్చినోళ్ళ మనిషివే. నర్సుకు చెప్పి పట్టిస్త చూడు."

మాది గుంటూరు, మా నాన్న చర్చిలో పెద్ద. ముహూర్తాలు, శకునాలు మా ఇంట్లో ఎరగం. ఆ పరీక్షల్లో నేనెప్పుడూ ఫెయిలే. తన లెక్క ప్రకారం ఆ బేస్‌మెంట్‌లో నేనొక్కదాన్నే వేరే గ్రహం నుంచి దిగాను. ఆ రోజు బస్సు తప్పిపోయి ఇద్దరం చలిలో నిలబడ్డాం. తనను అక్కడే తిట్టిపోశాను.

సీరియల్ మూడో సీజన్ షూటింగ్ మొదలవుతుందనగా కాలేజీ నోటీసు బోర్డు మీద ఒక కాగితం అంటించారు. ఊళ్ళోని పాత లైబ్రరీ భవనంలో ఒక టీవీ సీరియల్ షూటింగ్ జరుగుతుంది, విద్యార్థుల్లా కూర్చోవడానికి మనుషులు కావాలి, ఒక్క రోజు పని. హామిల్టన్‌లో ఏం సీరియల్ తీస్తారులే అని మొదట నవ్వుకున్నాను. కింద మా ఆదివారం సీరియల్ పేరు చదివాక నాకు కాళ్ళు నేల మీద నిలవలేదు. ఆ కాగితాన్ని ఫోటో తీశాను, తొందరలో మసగ్గా వచ్చింది, మళ్ళీ తీశాను. వరంగల్ పిల్లకు ఫోన్ చేసి మాట్లాడకుండా అరిచాను. తను ఏమైందోనని భయపడి క్లాసులోంచి బయటికి వచ్చేసింది.

ఇద్దరం ఫోటోలు పంపాం, ఇద్దరినీ రమ్మన్నారు. ఆ సాయంత్రమే అమ్మకు చెప్పాను. మా అమ్మ గవర్నమెంటు హైస్కూల్లో లెక్కలు చెబుతుంది. సీరియల్ కథ అప్పటికే వారం వారం నా నోట విని ఉంది. అందులో లెక్కల టీచరు గ్రహాంతరవాసి అని తెలిసిన రోజు, "సైన్సువాళ్ళెవరూ దొరకలేదా వాళ్ళకి" అని కోప్పడింది కూడా.

"ముఖం కనపడుద్దా? లేక గుంపులో తల ఒక్కటే కనపడుద్దా?" అంది.

"కనపడుద్దమ్మా. టీవీ నిండా కనపడతా" అన్నాను.

అలా అనమని నన్నెవరూ అడగలేదు, నోరు జారింది. మర్నాటికల్లా అమ్మ స్టాఫ్ రూములో చెప్పింది, ఆదివారం చర్చిలో స్త్రీల సమాజంలో చెప్పింది, వీధిలో కూరగాయల బండి ఆవిడకూ చెప్పింది. ఇంతమందికి చేరాక నా ముఖం టీవీలో కనిపించి తీరాలి. నాకు భయం వేయలేదు. ఒళ్ళంతా పండగలా ఉంది.

షూటింగ్ రోజు తెల్లారగానే లైబ్రరీకి చేరుకున్నాం. అక్కడే, మొదట్లో చెప్పానే, ఆ కాగితం మీద సంతకం పెట్టించుకున్నారు, సీరియల్ గురించి పేరు పెట్టి ఎక్కడా మాట్లాడకూడదని. లోపల వెలుతురు కిటికీల బయటి నుంచి పెద్ద దీపాలతో పోస్తున్నారు. గోడల మీద ఇంగ్లండ్ ఊరి నోటీసులు అంటించారు. నేల మీద వైర్లు, వాటి మీద రబ్బరు పట్టీలు. ఒక మూల కుర్చీలో నర్సు కూర్చుని ఉంది. ఆ నర్సే! బూడిద రంగు కోటు, అదే జడ ముడి, చేతిలో అదే కప్పు. ఎనిమిది అడుగుల దూరంలో ఆవిడ టీ ఊదుకుంటుంటే వరంగల్ పిల్ల నా మోచేయి పట్టుకుని నలిపేసింది. నాకు నొప్పి తెలియలేదు.

డైరెక్టరు పొట్టిగా, చురుగ్గా ఉండే మనిషి. ఇరవై మందిని నిలబెట్టి ముఖాలు చూస్తూ నడిచి, ఎనిమిది మందిని వేరు చేశాడు. అందులో మేమిద్దరం ఉన్నాం. మిగతా పన్నెండు మందినీ వెనక బల్లల దగ్గర కూర్చోబెట్టాడు. వాళ్ళు మామూలు విద్యార్థులు, కెమెరాకు మసగ్గా కనిపిస్తారట. ఇక మేం ఎనిమిది మందిమి ముందు వరస, వచ్చినోళ్ళం! ఒక్కొక్కరి ముఖం దగ్గరగా తీస్తానన్నాడు. అమ్మకు ఇచ్చిన మాట దానంతట అదే నెరవేరుతోందని నేను గాల్లో తేలిపోయాను. వరంగల్ పిల్ల నా చెవిలో, "చెప్పిన్నా లేదా? నువ్వు వచ్చినోళ్ళ మనిషివని ఆయనకు గూడ తెలిసిపోయింది" అంది.

అప్పుడు డైరెక్టరు సీను వివరించాడు. నర్సు లోపలికి వస్తుంది. ముందు వరసలో ఎనిమిది మందీ ఒకేసారి పేజీ తిప్పుతారు, ఒకేసారి లేస్తారు. ఆ కుదుపుకు పక్కనున్న బీరువాలోంచి పుస్తకాలు నేల మీదకు కూలతాయి. మామూలు మనుషులైతే ఉలిక్కిపడతారు, ఏరతారు, పక్కకు తప్పుకుంటారు. ఈ ఎనిమిది మందీ కిందికి చూడకుండా, రెప్ప కొట్టకుండా, ఆ పుస్తకాల మీద అడుగులు వేసుకుంటూ బయటికి నడిచిపోతారు. అది చూసి నర్సుకు అర్థమైపోతుంది. ఎంత బాగుంది! నేను ఆ సీనుకు చప్పట్లు కొట్టినంత పని చేశాను. నడవాల్సింది నేనేనన్న సంగతి ఆ క్షణాన బుర్రకెక్కలేదు.

మొదటి టేక్. పేజీ తిప్పాం, లేచాం, పుస్తకాలు ధడాలున కూలాయి. రెప్ప వేయకుండా ముందుకు అడుగు వేశాను. బూటు కింద అట్ట తగిలింది. అంతే, నడుం దానంతట అదే వంగింది, కుడిచెయ్యి పుస్తకాన్ని తాకి కళ్ళ మీదికి వచ్చేసింది.

"కట్" అని వినిపించింది. ఏమైందని అడిగాడు డైరెక్టరు. క్షమించండి, మళ్ళీ చేస్తానన్నాను.

రెండో టేక్‌లోనూ అదే జరిగింది. ఈసారి పుస్తకం తీసి బల్ల మీద కూడా పెట్టాను. డైరెక్టరు దగ్గరికి వచ్చి, అవి నిజం పుస్తకాలు కావని ఓపిగ్గా చెప్పాడు. ఒకటి తెరిచి చూపించాడు. పైన బంగారు అక్షరాల అట్ట, లోపల అన్నీ తెల్ల కాగితాలు, ఒక్క అక్షరం లేదు. వరంగల్ పిల్ల ముఖం వెలిగిపోయింది.

"ఖాళీ కాగితాలేనే. ఏం కాదు, తొక్కెయ్" అంది. తుమ్ముకు ఆగే మనిషి, పిల్లికి ఆగే మనిషి, రెండు టేకుల్లోనూ ఆ పుస్తకాల మీద చక్కగా నడిచిపోయింది. మనసులో దండం పెట్టుకుంటూ నడుస్తున్నానని తర్వాత చెప్పింది. నాకు ఆ తెలివి లేకపోయింది.

మూడో టేక్‌కు రెండు చేతులూ జాకెట్ జేబుల్లో కుక్కుకున్నాను. ఖాళీ కాగితం, ఖాళీ కాగితం అని లోపల అనుకుంటూ అడుగు వేశాను. చెయ్యి రాలేదు. చెయ్యి రాకపోయేసరికి తల వంగింది. తల వంగేసరికి నా ముందున్న కుర్రాడి వీపును గుద్దుకుని ఇద్దరం పడబోయాం. నవ్వులు మొదలయ్యాయి. డైరెక్టరు మాత్రం నవ్వలేదు.

మూలన ఉన్న నర్సు లేచి వచ్చింది. ఏం చేస్తున్నావని అడిగింది, టీవీలో అడిగే అదే గొంతుతో. మా ఇళ్ళల్లో పుస్తకానికి కాలు తగిలితే తాకి కళ్ళకద్దుకుంటామని చెప్పాను. అది మతమా అంది. కాదండీ, మాది చర్చికి వెళ్ళే ఇల్లేనన్నాను. మరెందుకని అడిగింది. చిన్నప్పుడు లెక్కల పుస్తకాన్ని విసిరికొడితే అమ్మ తీసుకొచ్చి నా చేతిలో పెట్టి అద్దుకోమంది. "మనకెందుకే ఇవన్నీ" అని నాన్న అంటే, "కాగితానికి మర్యాద ఇవ్వడానికి ఏ మతమైతే ఏంటండీ" అంది. ఆ కథంతా అక్కడ నిలబడి ఇంగ్లిషులో చెప్పే ఓపిక నాకు లేదు. తెలియదు, అదే జరిగిపోతుందన్నాను.

ఆవిడ డైరెక్టరు వైపు తిరిగి చేతులు చాపింది. ఈ అమ్మాయిని నేను పట్టుకోలేను, ఈమె మనిషి అంది. అందరూ మళ్ళీ నవ్వారు. ఈసారి డైరెక్టరు కూడా నవ్వి, నన్ను వెనక బల్లల దగ్గరికి పంపి, అక్కడున్న ఒక తెల్లమ్మాయిని నా చోటులోకి తెచ్చాడు.

ఎంత ఒళ్ళు మండిందో చెప్పలేను. నర్సు మీద మండింది, ఆ పుస్తకాల మీద మండింది, నా కుడిచేతి మీద అన్నిటికంటే ఎక్కువ మండింది. ఆవిడ చేత మనిషినని అనిపించుకోవడం కోసం ఇంట్లో ఎన్ని పందేలు కట్టుకున్నామో! తీరా అనేసరికి నాకు ఏడుపొచ్చింది. నాలుగో టేక్‌లో వెనక బల్ల దగ్గరి నుంచి నాకేమీ కనపడలేదు. పుస్తకాలు కూలిన చప్పుడు, బూట్ల చప్పుడు వినిపించాయి. మమ్మల్ని తలుపు వైపు కంగారుగా పొమ్మన్నారు, నేను పళ్ళు నూరుకుంటూ పోయాను. సీను ఓకే అయింది.

తిరిగొచ్చేటప్పుడు బస్సులో వరంగల్ పిల్ల నా భుజం మీద తల పెట్టింది. "అమ్మకు చెప్పెయ్యి. గంతే కదా, ముఖం రాదని చెప్పు" అంది. చెప్పాలనే అనుకున్నాను. ఫోన్ చేస్తే అమ్మ, "స్త్రీల సమాజం వాళ్ళు మనింటికే వస్తామంటున్నారు, కుర్చీలు చూడాలి" అంది. నేను షూటింగ్‌లో దీపాల గురించి చెప్పాను, నర్సు టీ కప్పు గురించి చెప్పాను. ముఖం సంగతి ఎత్తలేదు. ఆ తర్వాత నెలల తరబడి ఎత్తలేదు.

మా లైబ్రరీ సీను ఉన్న భాగం వచ్చే ఆదివారం మా బేస్‌మెంట్‌లో పక్కింటి పిల్లలతో కలిపి పదకొండు మంది చేరారు. ఒకళ్ళు పకోడీలు వేశారు, ఒకళ్ళు దీపాలు ఆర్పారు. మా ఎనిమిది గంటలంటే గుంటూరులో సోమవారం పొద్దున ఆరున్నర. ఫోన్‌ను అట్టపెట్టెకు ఆనించి టీవీకి ఎదురుగా పెట్టాను. అందులో అమ్మ కనిపిస్తోంది, బడికి వెళ్ళే చీర అప్పుడే కట్టేసుకుంది. వెనక ఐదారుగురు ఆంటీలు, ఒకావిడ చేతిలో కాఫీ గ్లాసు. అమ్మకు అబద్ధం చెప్పానన్న దిగులు ఉంది. అయినా సంగీతం మొదలవగానే గుండె ఎగిరింది, ఆ సీరియల్ అలాంటిది.

లైబ్రరీ సీను వచ్చింది. నర్సు టీ కప్పు పట్టుకుని తలుపు తీసింది. ఎనిమిది పేజీలు ఒకేసారి తిరిగాయి. పుస్తకాలు కూలాయి. టీవీ నిండా వరంగల్ పిల్ల ముఖం! రెప్ప లేదు, బెదురు లేదు, మంచులో గడ్డకట్టిన చూపు. ఇంట్లో అరుపులకు పైనుంచి ఓనర్ ఆంటీ కాలితో నేల తన్నింది. వరంగల్ పిల్ల మాత్రం నా వైపు చూసి చెయ్యి పట్టుకుంది. నాకు నిజంగా సంతోషం వేసింది.

"ఆ పిల్ల భలే చేసిందే. నువ్వేదీ?" అంది అమ్మ ఫోన్లోంచి.

చెప్పేయాలి. "అమ్మా, నేను..." అన్నాను.

"ఆగాగు. వెనక్కి తిప్పు."

రిమోట్ ఎవరి చేతిలో ఉందో వాళ్ళు వెనక్కి తిప్పారు. మళ్ళీ పుస్తకాలు కూలాయి, మళ్ళీ వరంగల్ పిల్ల ముఖం.

"ఆ పిల్ల చెవి పక్కన చూడండి. వెనకాల, మసగ్గా" అంది అమ్మ. మాతో కాదు, ఆంటీలతో.

పదకొండు మందిమీ టీవీకి ముక్కులు ఆనించాం. చెవి పక్కన, దూరంగా, రంగుల మరకల్లా మనుషులు తలుపు వైపు పోతున్నారు. అందులో ఆకుపచ్చ మరక ఒకటి ఆగింది, వంగింది, లేచింది. లేస్తూ చెయ్యి ముఖం దాకా తీసుకెళ్ళింది. నా జాకెట్ ఆకుపచ్చదే. ఒక పుస్తకం అంత దూరం జారి వచ్చిందనీ, నా కాలికి తగిలిందనీ, నేను ఆగాననీ నాకు తెలియనే తెలియదు. ఇప్పటికీ గుర్తు లేదు.

"అదే మా అమ్మాయి" అంది అమ్మ ఆంటీలతో.

"ముఖం కనపడలేదుగా" అందొకావిడ.

"ముఖమెందుకండీ? ఆ చెయ్యి నేను నేర్పింది."

నేను ఫోన్ దగ్గరికి వెళ్ళి కూర్చున్నాను. ముఖం వస్తుందని అబద్ధం చెప్పానని, ముందు వరసలోంచి తీసేశారని, ఎందుకు తీసేశారో కూడా గబగబా చెప్పేశాను. అమ్మ అంతా వింది.

"ఏం పుస్తకాలవి?" అని అడిగింది.

"ఉత్త అట్టలమ్మా. లోపలంతా తెల్ల కాగితం."

"రాయని కాగితాన్ని కూడా అద్దుకున్నావా?" అంది. ఇంకేదో అనబోయి, కళ్ళద్దాలు తీసి కొంగుతో తుడుచుకుంది. "సరే, నాకు బడికి టైమవుతోంది" అని ఫోన్ పెట్టేసింది. ఆపి ఉంచిన సీనును ఎవరో మళ్ళీ నడిపారు. టీవీలో నర్సు, నడిచిపోతున్న ముందు వరసనే చూస్తూ కప్పు కింద పెట్టింది.